ఇరవై సెకన్ల కేక

గంట టైమిచ్చారు. గంట తరవాత మళ్ళీ ఆ గాజు కిటికీ గదిలోకి వెళ్ళి మైకు ముందు నిలబడాలి, ఒకే ఊపిరితో ఇరవై సెకన్లు కేక వెయ్యాలి. పొద్దుటి నుంచి ఐదుసార్లు వేశాను, ఐదుసార్లూ తొమ్మిదో సెకను దగ్గరే ఆగిపోయింది. గొంతు తెగి కాదు, గొంతు బాగానే ఉంది, ఎవరో ఎదురొచ్చి అరచెయ్యి అడ్డం పెట్టినట్టు ఆగిపోయింది. "కంగారేం లేదమ్మా, కాసేపు పడుకోండి, మాట్లాడకండి, గోరువెచ్చని నీళ్ళు తాగండి" అన్నాడు డైరెక్టరు, కంగారేం లేదన్నవాడు కళ్ళద్దాలు తీసి చొక్కా అంచుతో నాలుగుసార్లు తుడుచుకున్నాడు. ఇవాళ నావల్ల కాకపోతే రేపు ఇంకెవరినో పిలుస్తారు, అది తప్పేమీ కాదు, కానీ ఈ కేక ఇంకొకరి నోట వినలేను, ఎందుకంటే ఇది నాది. మూడేళ్ళ కింద ఒక ఆదివారం మధ్యాహ్నం, కిందపడి చనిపోతున్న మనిషి పక్కన నిలబడి, అతను చనిపోతున్నాడని తెలియక, నేనే వేశాను. డైరెక్టరుకి ఆ సంగతి తెలియదు. ఎక్కడో అలా జరిగిందట అని ఎవరో చెబితే విని కథలో రాసుకున్నాడు.

ఈ విశ్రాంతి గదిలో ఒక పాత సోఫా, దాని రెక్సిను చిరిగి లోపలి పసుపు స్పాంజి కనబడుతోంది, ఆ చిరుగు మీదే అత్తయ్య సరిగ్గా చూసుకుని కూర్చుంది, పిల్లాడి చెయ్యి అందులోకి పోకుండా. ఒళ్ళో ఎవరిదో జాకెట్టు, హెమ్మింగు చేస్తోంది, ఇంటి దగ్గరే చేసుకోవచ్చు కదా అంటే ఖాళీ చేతులతో కూర్చుంటే నాకు తోచదు అంటుంది. నేను గోడవైపు తిరిగి బుడ్డోడికి పాలిస్తున్నాను. వీడికి ఐదు నెలలు. తాగుతూ తాగుతూ మధ్యలో ఆగి నా గొంతు కింద చూస్తాడు, ఇక్కడి నుంచేనా వచ్చింది అన్నట్టు, వాడికేం తెలుసు, వాడు నా కేక ఇంతవరకు వినలేదు, నేను వినిపించలేదు. పొద్దున కేక ఆగినప్పుడల్లా ఇంకోటి కూడా జరిగింది, ఎవరికీ చెప్పలేదు, కడుపులోంచి ఊపిరి తోసేసరికి పాలు చేపుకొచ్చాయి, చీర కొంగు తడిసిపోయింది, నా ఒంటికి ఈ ఏడుపుకీ వాడి ఏడుపుకీ తేడా తెలియదు కాబోలు. రికార్డింగు చేసే అన్న గాజు అవతల తల వంచుకుని మీటలు చూసుకున్నాడు, మంచివాడు. "పక్కింటావిడ అడిగింది అమ్మాయ్, మీ కోడలు సినిమాల్లో ఏం చేస్తుందని" అంటోంది అత్తయ్య దారం పంటితో కొరుకుతూ. "పాడుతుందన్నాను. ఏ పాట అంది. ఇంకా బయటికి రాలేదులే అన్నాను. ఎవరి గొంతులా ఉంటుందంటే ఏం చెప్పను? పులి గొంతులా ఉంటుందని చెప్తే మళ్ళీ జన్మలో బియ్యం అప్పడగదు." నేను నవ్వకూడదు, మాట్లాడకూడదు, గోడవైపే నవ్వుకున్నాను, బుడ్డోడి పట్టు జారింది, కోపంగా చూశాడు.

సినిమాలో హీరో ఉన్నాడు, చాలా అందగాడు, ఫోటో చూపించారు, ఆ పెదాల్లోంచి నా గొంతు వస్తుందట. మగవాళ్ళని ఆరుగురిని పెట్టి చూశారట, అందరూ గొంతు చించుకుంటున్నారు కానీ నేల అదరడం లేదన్నాడు డైరెక్టరు. సీసాల ఫ్యాక్టరీలో సైరన్‌లా అరిచే పిల్ల ఒకతి ఉండేదని ఎవరి నోటో విని నన్ను పిలిపించాడు. కథ కాగితాలు నాకిచ్చినప్పుడు బస్సులో చదివాను, పదో తరగతి మధ్యలో మానేసినదాన్ని, వేలు పెట్టి వరస వెంబడి చదువుతాను ఇప్పటికీ, ఎవరైనా చూస్తే పిల్లాడికి చూపిస్తున్నట్టు నటిస్తాను, వాడు పుట్టాక ఆ సుఖం ఒకటి. ముప్పై రెండో కాగితం దగ్గర వేలు ఆగిపోయింది. స్టేజి మీద గిటారువాడు పడిపోతాడు, జనం చప్పట్లు కొడతారు, హీరో కేక వేస్తూనే ఉంటాడు. దిగాల్సిన స్టాపు దాటి రెండు స్టాపులు వెళ్ళిపోయాను. "ఇక్కడ నాకు చీకటి కావాలమ్మా" అంటాడు డైరెక్టరు ఆ సీను గురించి, మెత్తగా, మందు చీటీ రాసే డాక్టరులా. ఆ గిటారువాడిని కాగితాల్లో మొదటి నుంచీ దుర్మార్గుడిలా రాశాడు, ఎవరితోనూ నవ్వుతూ మాట్లాడడు, చావంటే ఇష్టం, గదంతా నల్లరంగు వేసుకుంటాడు. చదివినప్పుడు కడుపు మండింది. అయినా నోరు తెరవలేదు. చదువుకున్నవాళ్ళ కాగితం మీద తప్పుందని చెప్పడం నాకెప్పుడూ చేతకాదు.

ఆ గిటారువాడు నిజానికి మా పొడుగన్న, అతను ఎవరితోనైనా నవ్వకుండా మాట్లాడింది నేను చూడలేదు. సీసాలు కడిగే ఫ్యాక్టరీలో నాకు తెలుసు అతను. బడి మానేశాక నన్ను అక్కడ బెల్టు పక్కన నిలబెట్టారు, సీసాలు వరసగా వస్తుంటాయి, పగిలినదో బీట పడినదో కనబడితే "ఆపండి" అని అరవాలి, అంతే నా పని, ఆ చప్పుడులో మామూలు అరుపు ఎవరికీ వినబడదు, మూడు రోజులు అరిచి నాలుగో రోజుకి నాకు మాటే పోయింది. పొడుగన్న అక్కడ ఫిట్టరు, బెల్టు ఆపే మీట అతని చేతిలో ఉండేది, గుమ్మంలోంచి వంగి వచ్చేంత పొడుగు. నా దగ్గరికొచ్చి, "గొంతుతో కాదు చెల్లీ, ఇక్కడి నుంచి" అని తన పొట్ట మీద తట్టుకున్నాడు, "సీసా ఎట్లా నిండుతుంది? కింద నుంచి కదా. నువ్వూ కింద నుంచి నింపుకో." మధ్యాహ్నం అన్నాల గంటలో గోడౌను వెనకాల నిలబెట్టి నేర్పించేవాడు, గాలి పీల్చు, పట్టుకో, కొంచెం కొంచెం వదులు, గొంతుని తలుపులా తెరిచి ఉంచు, దాన్ని తొయ్యకు. వారం తిరిగేసరికి నేను అరిస్తే చెవుల్లో దూది పెట్టుకున్నవాళ్ళు కూడా ఉలిక్కిపడేవాళ్ళు. సైరన్ అని పేరు పెట్టారు. నెల తిరిగేసరికి, "మా బ్యాండులో పాడతావా సైరనూ, మాటలు రానక్కర్లేదు, మా పాటల్లో మాటలు ఎవరికీ అర్థం కావు" అన్నాడు. మాటలు అక్కర్లేని పాట. నాకోసమే ఎవరో కనిపెట్టినట్టనిపించింది.

మాది మెటల్ సంగీతం, అంతా గిటారు హోరూ గర్జనలూ, విన్నవాళ్ళు మమ్మల్ని చూసి అటు పక్కకి నడిచేవాళ్ళు. ముఖానికి తెల్లరంగు, కళ్ళ చుట్టూ కాటుక గుంటలు, బుగ్గ మీద ఎర్రరంగు కారుతున్నట్టు, అందరం శవాలమే స్టేజి మీద. కానీ ఆ రంగు వేసుకోవడానికి ముందు డ్రమ్స్ వాయించే అన్న అందరికీ కొబ్బరినూనె రాసేవాడు, లేకపోతే రంగు పోయేటప్పుడు చర్మం మండుతుందమ్మా అని, వాళ్ళ అమ్మ అతనికి రాసినట్టే చెవుల వెనక కూడా రాసేవాడు. పొడుగన్న నా కాటుక గుంటలు దిద్దేవాడు, చెయ్యి వణకకుండా, నాలుక కొంచెం బయటపెట్టి. ఇంటికెళ్ళేటప్పుడు నన్ను బస్సెక్కించి, కండక్టరుతో "పాప జాగ్రత్త" అనేవాడు ఆ శవం ముఖంతోనే, కండక్టరు నా టిక్కెట్టు అడగడానికి కూడా జంకేవాడు. ప్రతి ప్రదర్శనలో చివరి పాట చివర పొడుగన్న పడిపోవాలి. అది మా పద్ధతి. నా పొడుగు కేక మొదలవగానే అతను గిటారుతో సహా వెల్లకిలా పడతాడు, నేను అతని పక్కనే నిలబడి ఇరవై సెకన్లు కేక వేస్తాను, కేక ఆగగానే లైట్లు ఆరిపోతాయి, చప్పట్లు. చీకట్లో లేచి నా చెవి దగ్గర "వీపు విరిగిందే" అనేవాడు ప్రతిసారీ. అతను అంత బాగా పడేవాడు. అదే మా కొంప ముంచింది.

ఆ ఆదివారం అతను కేక మొదలవకముందే పడ్డాడు. ముందురోజు రెండు షిఫ్టులు చేసి వచ్చాడు, నిద్ర ఆపుకునే మాత్రలు వేసుకున్నాడని తరవాత తెలిసింది, గుండె పట్టేసిందని ఆసుపత్రిలో చెప్పారు. నేను చూశాను పడటం. చూసి ఏమనుకున్నానో నాకు ఇప్పటికీ గుర్తుంది, మరిచిపోదామన్నా పోదు, "ఇవాళ తొందరపడ్డాడే" అనుకున్నాను. తొందరపడితే పడ్డాడని నేను కేక ఎత్తుకున్నాను. డ్రమ్స్ అన్న కూడా అదే అనుకుని చెయ్యి వేగం పెంచాడు. జనం లేచి నిలబడ్డారు. పని మొదలుపెట్టిన రోజు నుంచి ఆపండి అని అరవడమే జీతంగా బతికినదాన్ని, పగిలిన సీసా పది అడుగుల అవతల కనబడేది నాకు, నా కాలి పక్కన మనిషి కనబడలేదు. కేక ఎంతసేపు వేశానో తెలియదు, మధ్యలో ఒక్కసారిగా హాలంతా లైట్లు వెలిగాయి, ఆరాల్సినవి వెలిగాయి, జనం ఈలలు వేసి తిట్టారు, నాకూ ఒళ్ళు మండింది, ఎవడ్రా అని పైకి చూశాను, లైట్ల మెట్ల మీద నుంచి మాకు లైట్లు వేసే మనిషి పరిగెత్తుకుంటూ దిగుతున్నాడు, "ఊపిరి లేదు, అతనికి ఊపిరి లేదు" అంటూ. ఆ మనిషే ఇప్పుడు మా ఆయన.

దాని తరవాత బ్యాండు లేదు. నేను మళ్ళీ కేక వెయ్యలేదు. పొడుగన్న సామాను ఇవ్వడానికి వాళ్ళ చెల్లెలి ఇంటికి వెళ్తే అక్కడ ఈ లైట్ల మనిషి కూర్చుని ఉన్నాడు, మూడోసారి వెళ్ళినా అక్కడే ఉన్నాడు, ఇద్దరం ఒకే బస్సులో తిరిగి వచ్చేవాళ్ళం, ఏమీ మాట్లాడకుండా, మాట్లాడకుండానే పెళ్ళి దాకా వచ్చారంటుంది అత్తయ్య, నిజమే. నేను అతన్ని ఎందుకు చేసుకున్నానో నాకు తెలుసు, ఆ హాల్లో చేతులు శుభ్రంగా ఉన్నది అతనొక్కడికే. అందరం చప్పట్లలో ఉన్నప్పుడు అతనొక్కడే చూశాడు. బుడ్డోడు పుట్టాక నిద్దట్లో వాడి ముక్కు కింద వేలు పెట్టి చూడటం నాకు అలవాటయింది, గంటకోసారి లేస్తాను, పక్కకి తిరిగితే మా ఆయన కూడా మేలుకునే ఉంటాడు, వాడి ఛాతీ వంక చూస్తూ ఉంటాడు, పైకీ కిందకీ. "పడుకో, నేను చూశాను" అంటాడు. "నేనూ చూశాను" అంటాను. ఇద్దరం మళ్ళీ ఇంకోసారి చూస్తాం. పిల్లాడు బాగానే ఉన్నాడు, డాక్టరమ్మ మమ్మల్ని చూసి నవ్వుతుంది, మీ ఇద్దరికీ మందు రాయాలి వాడికి కాదు అంటుంది. కానీ నాకు లోపల ఒక భయం, ఎవరికైనా చెప్తే పిచ్చిదంటారు, ఆ కేక ఒకసారి ఒక మనిషిని తీసుకుంది, మళ్ళీ వేస్తే ఏం తీసుకుంటుందో అని. తొమ్మిదో సెకనులో అడ్డం వచ్చిన చెయ్యి అదే అనుకుంటాను.

"ఇంతకీ కథేంటో చెప్పనేలేదు నువ్వు" అంటోంది అత్తయ్య. బుడ్డోడిని భుజాన వేసుకుని వీపు నిమురుతోంది, వాడు తేన్పు తీసి, చేసిన పనికి తానే ఆశ్చర్యపోయాడు. మాట్లాడొద్దన్నారు కదా అని సైగ చేశాను. "గుసగుసగా చెప్పు, గోడకి చెవులుంటే ఉండనీ, గొంతుకి పనిలేకుండా చెప్పు." సరే, చెప్పాను, సినిమా కథలాగానే చెప్పాను, ఒకడు పడిపోతాడు, వేషం అనుకుంటారు, ఇంకొకడు కేక వేస్తూనే ఉంటాడు అని. అత్తయ్య చెయ్యి పిల్లాడి వీపు మీద ఆగిపోయింది. కాసేపటికి మళ్ళీ కదిలింది.

"ఇది మీదే కదే" అంది.

తల ఊపాను. అత్తయ్య నా వంక చూడలేదు, పిల్లాడి మెడ వెనక జుట్టు సర్దుతూ చెప్పింది. "ఆ రోజు మీ ఆయన ఇంటికొచ్చి అన్నం తినలేదు. కుళాయి తిప్పి బాత్రూంలో కూర్చున్నాడు, నీళ్ళు పోతూనే ఉన్నాయి. తలుపు కొట్టి కొట్టి తీయించాను. ఏమన్నాడో తెలుసా? అమ్మా, అతను పడిన తీరు తేడాగా ఉందని నాకు పైనుంచి కనబడింది. ప్రతిసారీ పడ్డాక పొట్ట కదిలేది, ఇవాళ కదల్లేదు. చెయ్యి మీట మీదే ఉంది. కానీ ఆ అమ్మాయి కేక మధ్యలో ఉంది. అంత బాగా ఎప్పుడూ రాలేదమ్మా దానికి. అయిపోనిద్దాం అనుకుని ఆగాను, ఆ తరవాతే మీట నొక్కాను, అని." అత్తయ్య పిల్లాడిని రెండో భుజానికి మార్చుకుంది. "నీకు చెప్పి ఉంటాడనుకున్నాను ఇన్నాళ్ళూ. చెప్పలేదా?"

చెప్పలేదు. కోపం వస్తుందేమో అని చూసుకున్నాను, లోపలంతా వెతుక్కున్నాను, రాలేదు. మీట మీద చెయ్యి పెట్టుకుని నన్ను వింటూ పైన కూర్చున్న మనిషి కనబడ్డాడు, అంతే. పెళ్ళయిన నాటి నుంచి నా పక్కనే పడుకుని, ఇప్పుడు పిల్లాడి ఛాతీ చూస్తున్న మనిషి. నేను శుభ్రమైన చేతులనుకుని పట్టుకున్నాను, అతను ఏమనుకుని పట్టుకున్నాడో మరి, బహుశా నన్ను చూసినప్పుడల్లా ఆ కేకే వినబడేదేమో, అయినా చేసుకున్నాడు, అయినా ఒక్కసారి కూడా మళ్ళీ పాడవే అనలేదు. పిచ్చి మనిషి. ఇద్దరం ఒకే మంచం మీద ఒకే రాయి మోస్తున్నాం, వీపు వీపుకి ఆనించుకుని, ఎవరిది వాళ్ళదే అనుకుంటూ.

ఫోన్ చేశాను. ఏదో హాల్లో నిచ్చెన మీద ఉన్నాడు, వెనకాల ఎవరో ఎడమకి ఎడమకి అని అరుస్తున్నారు. "ఏమైంది? బుడ్డోడు బానే ఉన్నాడా?"

"బానే ఉన్నాడు. అత్తయ్య చెప్పింది. ఆ రోజు సంగతి."

నిచ్చెన కిర్రుమంది. దిగుతున్నాడనుకున్నాను, దిగలేదు, అక్కడే కూర్చున్నట్టున్నాడు. "చెబుదామనే అనుకున్నా" అన్నాడు చివరికి. "చెప్తే నువ్వు నాతో ఉండవనుకున్నా."

"ఎంతసేపు చూశావు?"

"లెక్కపెట్టలేదు."

"నేనూ లెక్కపెట్టలేదు" అన్నాను. "నువ్వు కనీసం చూశావు, నేను కళ్ళ ముందు పెట్టుకుని కూడా చూడలేదు. నీకన్నా నేనే దగ్గరున్నాను."

"నువ్వు కేక వేస్తున్నావు."

"నువ్వు వింటున్నావు." అతను ముక్కు ఎగబీల్చాడు, నిచ్చెన మీద కూర్చుని ఏడిస్తే పడతాడేమోనని నాకు భయం వేసింది. "ముందు కిందకి దిగు" అన్నాను. "దిగి మాట్లాడు." దిగాడు. నేల మీద నిలబడ్డాక, "వెయ్యి. వేసెయ్యి ఇవాళ. నేను సాయంత్రం వచ్చి తీసుకెళ్తా ముగ్గురినీ" అన్నాడు, మామూలు గొంతుతో, ఉల్లిపాయలు తేవాలా అని అడిగే గొంతుతో. "గొంతు జాగ్రత్త."

గాజు గదిలోకి వెళ్ళాను. గోడలకి బూడిదరంగు స్పాంజి, అడుగుల చప్పుడు కూడా మింగేస్తుంది, ఎవరి ఇంట్లోనూ ఇంత నిశ్శబ్దం ఉండదు. గాజు అవతల అత్తయ్య పిల్లాడిని ఎత్తుకుని వచ్చి నిలబడింది, రమ్మని ఎవరూ అనలేదు, పొమ్మనడానికి ఎవరికీ ధైర్యం చాల్లేదు. రికార్డింగు అన్న పిల్లాడి చెవులకి నొప్పి లేకుండా స్పీకరు తగ్గించాడు, అది నేను చూశాను, చూసి చెయ్యి ఎత్తాను. ఎర్రలైటు వెలిగింది. కింద నుంచి నింపుకున్నాను, పాదాల నుంచి, పొట్ట, పక్కటెముకలు, భుజాలు కదలకుండా. వదిలాను. హెడ్‌ఫోన్స్‌లో వచ్చింది నా గొంతు, మూడేళ్ళు మూలన పడున్నా దుమ్ము పట్టలేదు దానికి. ఆరు, ఏడు, ఎనిమిది. తొమ్మిది దగ్గర ఆ చెయ్యి వచ్చింది. ఈసారి నేను కిందకి చూశాను. అప్పుడు చూడనిది ఇప్పుడు చూశాను, నేల మీద, ఎడమ కాలి పక్కన, అంత పొడుగు మనిషి, తెల్లరంగు ముఖం, నూనె మెరిసే చెవులు, చూస్తూనే ఉన్నాను, చూస్తూనే కేక వేశాను, నిన్ను చూస్తున్నాను అన్నా, ఇదిగో చూస్తున్నాను, చేపు వచ్చి కొంగు తడిసింది, తడవనీ, పదమూడు, పద్నాలుగు, కేక గర్జన దాటి వేరే ఏదో అయిపోయింది, నాకు తెలియని గొంతు, చివరకొచ్చేసరికి పిలుపులా ఉంది. ఊపిరి అయిపోయింది. అదే ఆగింది, ఎవరూ ఆపలేదు. గాజు అవతల అత్తయ్య నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. బుడ్డోడు ఆమె భుజం మీద నుంచి వెనక్కి తిరిగి నా వంకే చూస్తున్నాడు, కళ్ళు పెద్దవి చేసుకుని, ఏడవలేదు. వాడి ఛాతీ చూశాను. పైకీ కిందకీ.

డైరెక్టరు తలుపు తీసుకుని లోపలికే వచ్చాడు. కాసేపు మైకు స్టాండుని పట్టుకుని నిలబడ్డాడు. "ఇరవై మూడు సెకన్లు వచ్చింది" అన్నాడు. తరవాత, "ఇది నేనడిగింది కాదమ్మా. నేను చీకటి అడిగాను. ఇందులో ఇంకేదో ఉంది. తీసెయ్యాలనిపించడం లేదు, ఎట్లా వాడాలో తెలియడం లేదు."

నా గొంతు బొంగురుపోయింది, మాట్లాడకూడదు, మాట్లాడాను. "సార్, ఆ గిటారతన్ని మీరు తప్పు రాశారు."

ఆయన కళ్ళద్దాలు తీశాడు. తుడవలేదు, చేతిలోనే పట్టుకున్నాడు. "మీకు తెలుసా అతను?"

"మా అన్న సార్. సొంత అన్న కాదు. అంతకంటే ఎక్కువ." ఎక్కడ మొదలుపెట్టాలో తెలియలేదు, సీసాల దగ్గర మొదలుపెట్టాలా, కొబ్బరినూనె దగ్గరా, చదువుకున్నవాళ్ళయితే వరసగా చెప్పేవాళ్ళు. నోటికి ముందు ఏదొస్తే అదే చెప్పాను. "గది నల్లగా ఏం వేసుకోలేదు సార్ అతను. అతనికి చీకటంటే భయం. నలభై ఏళ్ళొచ్చినా లైటు వేసుకునే పడుకునేవాడు, కరెంటు పోతే చెల్లెల్ని లేపి పక్కన కూర్చోబెట్టుకునేవాడు."

డైరెక్టరు అటూ ఇటూ చూసి, ఆ గదిలో ఉన్న ఒకే ఒక్క స్టూలు నావైపు జరిపాడు. తను నేల మీద కూర్చుని, ముప్పై రెండో కాగితం వెనక్కి తిప్పి పెన్ను తీశాడు.